కందకం గట్టు మీది నుంచి: విక్తర్ నెక్రాసొవ్ చూసిన నేల

యుద్ధం మీద నవల రాసిన సైనికుడికి ఎప్పుడో ఒకప్పుడు ఎదురయ్యే ఆక్షేపణ ఒకటుంది: తాను తలదాచుకున్న గోయి తప్ప ఇతనికి మరేమీ కనపడలేదని. సోవియట్ విమర్శకులు దీనికి ‘కందకపు నిజం’ అని పేరు కూడా పెట్టారు. వినడానికి మెప్పులా ఉంటుంది గాని, వాడింది తిట్టుగానే. సైన్యాల కదలికలు, పటాల మీద వేళ్ళు పెట్టి దారులు చూపే సేనానులు, మలుపు తిరిగే చరిత్ర, ఇవేవీ పట్టకుండా గట్టు మీద నుంచి తల ఎత్తితే కనపడే నూరు గజాల నేలే యుద్ధమనుకునే రచయితల కోసం పుట్టిన తిట్టు అది. దాన్ని అందరికంటే ముందు మోసినవాడు విక్తర్ నెక్రాసొవ్. 1946లో వచ్చిన అతని నవల ‘స్టాలిన్‌గ్రాడ్ కందకాల్లో’కు మరుసటి ఏడాదే స్టాలిన్ బహుమతి దక్కింది. ఇరవై ఏడేళ్ళు తిరిగేసరికి అదే ప్రభుత్వం ఆ పుస్తకాన్ని గ్రంథాలయాల బీరువాల్లోంచి తీసేయించింది. ఈ రెండింటి నడుమ జరిగినదంతా, ఒక మనిషి కాళ్ళ కింది నేలకేసి చూసే అలవాటు మానుకోలేకపోవడం వల్ల జరిగిందే.

ఆ అలవాటు సైన్యానికంటే ముందే అబ్బింది. నెక్రాసొవ్ 1911 జూన్ 17న కీవ్ నగరంలో పుట్టాడు. తల్లి వైద్యురాలు. పసితనం స్విట్జర్లాండ్‌లోని లొజాన్‌లో, పారిస్‌లో గడిచింది. 1915లో కుటుంబం కీవ్‌కు తిరిగొచ్చింది. అంతర్యుద్ధపు రోజుల్లో అతని అన్నను సైనికులు గూఢచారి అనుకుని కొట్టి చంపారు. ఆ కుర్రవాడి దగ్గర ఫ్రెంచి పుస్తకాలు ఉండడమే అనుమానానికి కారణం. తమ్ముడు విక్తర్ మాత్రం 1936లో ఆర్కిటెక్చర్ చదువు ముగించాడు. ఇంటిని చూస్తే కొలతలు, వీధిని చూస్తే వాలు కనపడే చూపు అక్కడ కుదిరింది. చదువు ఒకటి, మనసు మరొకటి కావడంతో నాటకాల వెంట పడ్డాడు. 1938లో రష్యన్ నాటక గురువు స్టానిస్లావ్‌స్కీ అంతటివాడి ముందు నటించి చూపాడు, చోటు దొరకలేదు. చిన్న చిన్న నాటక బృందాలతో ఊళ్ళు తిరుగుతూ, వేషాలు వేస్తూ, తెరలు గీస్తూ ఉండగా జర్మనీ దండెత్తింది. 1941 ఆగస్టులో సైన్యం పిలిచింది.

ఆర్కిటెక్టును సైన్యం ఎక్కడ వాడుకుంటుంది? ఇంజనీరు దళంలో. రెజిమెంటు ఇంజనీరు పనిలో వీరత్వం కంటే పార, పలుగు, గడ్డపార ఎక్కువ. చీకటి పడ్డాక రెండు సైన్యాల నడుమ ఉన్న ఖాళీ నేల మీదికి పాకుతూ పోవాలి, గడ్డకట్టిన మట్టిని చప్పుడు కాకుండా తవ్వాలి, మందుపాతర పెట్టాలి, పైన మంచు కప్పాలి. అసలు పని ఆ తర్వాత మొదలవుతుంది. ఏ మొండి చెట్టుకు ఎన్ని అడుగుల్లో, ఏ కూలిన గోడకు ఎటువైపు ఎన్ని పాతరలు ఉన్నాయో కాగితం మీద గీసి పెట్టాలి. ఆ పటం తప్పయినా, దాన్ని గీసినవాడు చనిపోయి పటం పోయినా, మరుసటి వారం తమ వాళ్ళే దాని మీద కాలు వేస్తారు. మట్టి గురించి అబద్ధం చెప్పడానికి వీల్లేని ఉద్యోగం. నెక్రాసొవ్ గద్యంలోని పొదుపుకు సాహిత్య గురువులను వెతికేవాళ్ళు ఈ పటాల సంగతి కూడా గుర్తుంచుకోవాలి.

1942 సెప్టెంబరులో అతని 284వ రైఫిల్ డివిజన్ వోల్గా దాటి స్టాలిన్‌గ్రాడ్‌లో దిగింది. వాళ్ళ వంతుకు వచ్చింది మమాయెవ్ కుర్గాన్. కుర్గాన్ అంటే పాతకాలపు సమాధి దిబ్బ. సైనిక పటాల్లో దాని పేరు ‘ఎత్తు 102’, అంటే సముద్ర మట్టానికి 102 మీటర్లు. కొండ అనడానికి కూడా మొహమాటపడాల్సిన ఎత్తు. కాని దాని నెత్తి మీద నిలబడినవాడికి ఊరంతా, దాని అవతల వోల్గా రేవులు అరచేతిలో పెట్టుకున్నట్టు కనపడతాయి. అందుకే ఆ దిబ్బ కోసం నెలల తరబడి చచ్చారు. కొన్నిచోట్ల రెండు పక్షాల కందకాల మధ్య దూరం రాయి విసిరితే చేరేటంత. నెక్రాసొవ్ నవలలో కథ నడిచేది ప్రధానంగా ఈ దిబ్బ వాలు మీదే.

రాయడం మొదలైన తీరు కూడా వింతదే. 1944లో పోలండ్‌లోని లూబ్లిన్‌లో తగిలిన తూటా అతని కుడిచేతి నరాలను దెబ్బతీసింది. వేళ్ళు మాట వినడం మానేశాయి. కీవ్‌లో వైద్యుడు చెప్పిన చికిత్స: ఆ చేత్తోనే గీస్తూ ఉండు, రాస్తూ ఉండు, చిన్న కదలికలు తిరిగి వస్తాయి. అలా వేళ్ళకు కసరత్తుగా మొదలైన రాత స్టాలిన్‌గ్రాడ్ జ్ఞాపకాల వైపు మళ్ళి, నవలై కూర్చుంది. సాహిత్య సేవ చేద్దామనో, జాతికి సందేశమిద్దామనో మొదలుపెట్టిన పుస్తకం కాకపోవడం దానికి మేలే చేసింది.

రాతప్రతి చేతులు మారి మాస్కోలోని ‘జ్నామ్యా’ పత్రికకు చేరింది. 1946లో ‘స్టాలిన్‌గ్రాడ్’ అనే పేరుతో ధారావాహికగా వచ్చి, తర్వాత ఇప్పటి పేరుతో పుస్తకమైంది. అప్పటికి సోవియట్ పాఠకులు యుద్ధం గురించి చదివింది విజయగాథలే. ఈ నవల మొదటి వాక్యంలోనే వెనక్కి తగ్గమనే ఆదేశం వస్తుంది, అదీ ఎవరూ ఊహించకుండా. చెప్పేవాడు లెఫ్టినెంట్ యూరి కెర్జెంత్సెవ్. కీవ్ వాడు, ఆర్కిటెక్టు, రెజిమెంటు ఇంజనీరు, రచయితకు నీడలాంటివాడు. మొదటి వంద పేజీల్లో అతను చేసేది నడక. పంటచేల మధ్య నుంచి, దుమ్ము దారుల వెంట, గుమ్మాల్లో నిలబడి మాట్లాడకుండా చూస్తున్న పల్లెటూరి ఆడవాళ్ళ ముందు నుంచి తూర్పుకు నడవడం. ఎక్కడిదాకా వెళ్తున్నారని ఆ ఆడవాళ్ళు అడగకుండానే అడుగుతారు. జవాబు ఎవరి దగ్గరా ఉండదు.

ఈ నడకలో ఒక జ్ఞాపకం తగులుతుంది. చచ్చిపడి ఉన్న సైనికుడొకడు వెల్లకిలా, చేతులు చాచి ఉన్నాడు. కింది పెదవికి సిగరెట్ ముక్క అంటుకుని ఉంది. అందులోంచి ఇంకా పొగ వస్తోంది. అంతకు ముందూ, ఆ తర్వాతా యుద్ధంలో చూసినదంతా ఒక ఎత్తు, ఈ పెదవి మీది ముక్క ఒక ఎత్తు అంటాడు కెర్జెంత్సెవ్. కూలిన నగరాలు, చీలిన పొట్టలు దీని ముందు చిన్నవే. నిమిషం క్రితం ఆ మనిషికి ఒక దమ్ము లాగాలనిపించింది. చావు ఎంత దగ్గరగా నడుస్తుందో చెప్పడానికి ఇంతకంటే ఒక్క మాట ఎక్కువ రాసినా చెడిపోయేది. నెక్రాసొవ్ రాయలేదు, వెంటనే నడక కొనసాగించాడు.

తర్వాత స్టాలిన్‌గ్రాడ్. యుద్ధం ఇంకా ఊళ్ళోకి రాని ఆ కొద్ది రోజుల్లో కెర్జెంత్సెవ్‌కు ఒక ఇంట్లో బస దొరుకుతుంది. పియానో, పుస్తకాలు, టీ, మాటలు. ఆ ఇంటి అమ్మాయి లూస్యా అతన్ని మమాయెవ్ దిబ్బ మీదికి తీసుకెళ్ళి ఊరి అందం చూపిస్తుంది. అతని కళ్ళు మాత్రం అక్కడొక వాగు గట్టు మీద ఆగిపోతాయి. మరతుపాకి పెట్టడానికి మంచి చోటు అనుకుంటాడు, పైకి అనేస్తాడు కూడా. అమ్మాయి మనసు చివుక్కుమంటుంది. పాఠకుడికి నవ్వొస్తుంది, తర్వాత గొంతు పట్టేస్తుంది. ఎందుకంటే ఆ చోటే కొన్ని వారాల్లో అతని బతుకు కాబోతోంది. ఆర్కిటెక్టు చూపు సైనికుడి చూపుగా మారిపోయిన క్షణాన్ని ఇంత చిన్న సంఘటనలో పట్టుకున్న రచయితలు అరుదు.

అదే ఊళ్ళో గియోర్గి అకీమొవిచ్ అనే విద్యుత్ కేంద్రం ఇంజనీరు ఉంటాడు. చేదు మాటల మనిషి. చివరి సైనికుడిదాకా పోరాడతాం, రష్యన్లు ఎప్పుడూ అంతే, కాని మనల్ని కాపాడేది అద్భుతం మాత్రమే, లేకపోతే వాళ్ళ క్రమశిక్షణతో, ట్యాంకులతో నలిపేస్తారు అంటాడు. స్టాలిన్ బతికుండగా అచ్చయిన పుస్తకంలో ఈ మాటలు ఉండడమే అబ్బురం. దానికి కెర్జెంత్సెవ్ మనసులో ఇచ్చుకునే సమాధానం ఇంకా చిత్రమైనది. సిద్ధాంతం ఊసెత్తడు. ఒక రాత్రి చీకట్లో విన్న ఇద్దరు సైనికుల మాటలు గుర్తుచేసుకుంటాడు. వాళ్ళు నేల గురించి మాట్లాడుకుంటారు: మన ఊరి మట్టి లాంటిది ఎక్కడా దొరకదురా, వెన్న లాంటి మట్టి; పైరు లేచిందంటే మనిషి తల కనపడదు. వెనక్కి పారిపోతున్న సైన్యంలో, రేపు ఉంటారో లేదో తెలియని రైతుబిడ్డలు తమ ఊరి మట్టిని తలచుకుని మెచ్చుకుంటున్నారు. ఆ ఇంజనీరు ఎదురుచూస్తున్న అద్భుతం బహుశా ఇదేనేమో అనుకుంటాడు కెర్జెంత్సెవ్. సేద్యం తెలిసిన ఏ తెలుగు పాఠకుడికీ ఈ పుటకు వ్యాఖ్యానం అక్కర్లేదు.

నవలలో మరచిపోలేని మనిషి వలేగా. కెర్జెంత్సెవ్‌కు సహాయకుడు, అల్తాయ్ ప్రాంతపు కుర్రవాడు. కుండపోత వానలో మంట రాజేస్తాడు, జుట్టు కత్తిరిస్తాడు, బూట్లకు అతుకులు వేస్తాడు, ఎక్కడి నుంచి తెస్తాడో తెలియదు గాని తిండి తెస్తాడు. చదువు అంతంత మాత్రం. ఎక్కాలు తడబడతాడు. సోషలిజం అంటే ఏమిటి, మాతృభూమి అంటే ఏమిటి అని అడిగితే చెప్పలేడు. కాని ఆ చెప్పలేని దాని కోసం, అంటే తన లెఫ్టినెంట్ కోసం, తోటివాళ్ళ కోసం, ఎక్కడో ఉన్న తన పూరిపాక కోసం ఆఖరి తూటాదాకా పోరాడతాడు, తూటాలయిపోతే పిడికిళ్ళతో, పళ్ళతో. కందకంలో కూర్చున్నంతసేపు జర్మన్ల కంటే తమ సార్జెంటునే ఎక్కువ తిడతాడు. ఈ చివరి ముక్కే వలేగాను పోస్టరు మీది వీరుడు కాకుండా కాపాడింది.

పుస్తకానికి ఆయువుపట్టు మాత్రం అబ్రోసిమొవ్ ఘట్టం. దిబ్బ మీద నీళ్ళ ట్యాంకుల దగ్గర జర్మన్లు పాతుకుపోయి ఉన్నారు. బెటాలియన్ కమాండరు షిర్యాయెవ్ ఆలోచన, చీకట్లో కందకాల వెంట చాటుగా చేరుకోవడం. రెజిమెంటు కార్యాలయం నుంచి వచ్చిన కెప్టెన్ అబ్రోసిమొవ్‌కు అంత ఓపిక లేదు. పట్టపగలు, ఎదురుగా, ఊపిరి బిగబట్టి దాడి చేయమని కేకలు వేస్తాడు, పిస్తోలు చూపించి మనుషులను గోతుల్లోంచి బయటికి తరుముతాడు. మరతుపాకులు వాళ్ళను కోసేస్తాయి. చనిపోయినవాళ్ళలో కర్నౌఖొవ్ కూడా ఉంటాడు, పాఠకుడు అప్పటికే ఇష్టపడిపోయిన మనిషి. తర్వాత అధికారుల విచారణ. అక్కడ లేచి మాట్లాడేవాడు ఫార్బర్. కళ్ళద్దాలు, వంగిన భుజాలు, సైనిక దుస్తుల్లో ఎప్పుడూ అతకనట్టుండే చదువరి. గొంతు పెంచడు. ఆ నీళ్ళ ట్యాంకులను చాటుగా పట్టుకోవచ్చని తెలిసి కూడా మనుషులను ఎందుకు చంపించావన్నదే అతని ప్రశ్న. అబ్రోసిమొవ్ హోదా ఊడుతుంది, శిక్షా దళానికి పంపుతారు.

అధికారి తొందరపాటుకు సైనికులు ప్రాణాలిచ్చారని ఆ రోజుల్లో అచ్చులో చెప్పడానికి గుండె కావాలి. పుస్తకంలో స్టాలిన్ పేరు అక్కడక్కడా తప్ప వినపడదు. పార్టీ బోధకుల ఉపన్యాసాలు లేవు. అందుకే ఫిర్యాదులు వచ్చాయి, ‘దృక్పథం’ లేదని, గట్టు అవతల చూపు లేదని. మరి స్టాలిన్ బహుమతి ఎలా వచ్చింది? ‘జ్నామ్యా’ సంపాదకుడు విష్నేవ్‌స్కీ తనతో అన్న మాటగా నెక్రాసొవ్ తర్వాత చెప్పిన కథ ఒకటుంది. ఆఖరి సమావేశంలో రచయితల సంఘం పెద్ద ఫదేయెవ్ జాబితాలోంచి ఈ పేరు కొట్టేశాడట. తెల్లవారి పత్రికలో చూస్తే పేరుంది. ఆ రాత్రికి రాత్రి దాన్ని తిరిగి చేర్చగల మనిషి దేశంలో ఒక్కడే. స్టాలిన్‌కు ఎందుకు నచ్చిందో ఊహలే తప్ప జవాబు లేదు. ఏమైనా, బహుమతి రాగానే నిన్నటిదాకా సణిగినవాళ్ళ కలాలు పొగడ్తలు మొదలుపెట్టాయి. తమాషా ఏమిటంటే 1961లో ఆ ఊరి పేరు వోల్గోగ్రాడ్‌గా మారింది. స్టాలిన్ భజన చేయని పుస్తకం అట్ట మీద మాత్రం ఆ పాత పేరు అలాగే ఉండిపోయింది.

స్టాలిన్‌గ్రాడ్ అనగానే పాఠకులకు వసీలి గ్రాస్‌మన్ కూడా గుర్తుకు రావడం సహజం. అతను విలేఖరిగా అక్కడ ఉన్నాడు, ఒక దళం నుంచి మరో దళానికి తిరిగాడు, అందుకే అతని నవల సైన్యాధిపతి గుడారం నుంచి మరణ శిబిరందాకా పరుచుకుంటుంది. నెక్రాసొవ్‌కు తిరిగే వీలు లేదు. ఒకే వాలు, ఒకే రెజిమెంటు. విస్తృతిలో గ్రాస్‌మన్‌తో పోల్చదగ్గవాడు కాడు, పోల్చనక్కర్లేదు కూడా. నెక్రాసొవ్ తెరిచిన తలుపు వేరు. పదేళ్ళ తర్వాత, యుద్ధంలో కింది స్థాయి అధికారులుగా పనిచేసిన కుర్రవాళ్ళు, బక్లానొవ్, బీకొవ్, బొందరెవ్ లాంటివాళ్ళు ఆ తలుపులోంచే వచ్చారు. విమర్శకులు దాన్ని ‘లెఫ్టినెంట్ల గద్యం’ అన్నారు. 1959లో వచ్చిన బక్లానొవ్ నవల పేరే ‘జానెడు నేల’. తిట్టు కాస్తా గుర్తింపు చిహ్నమైంది.

తెలుగువాళ్ళకు సోవియట్ సాహిత్యం కొత్త కాదు. మాస్కోలో తెలుగులోనే అచ్చయి, విశాలాంధ్ర దుకాణాల్లో చవకగా దొరికిన నున్నటి కాగితపు పుస్తకాలు ఒక తరానికి చదవడం నేర్పాయి. కాని అవి ప్రభుత్వ ప్రచురణ సంస్థలు పంపిన పుస్తకాలు. 1974లో అతను దేశం విడిచాక ఆ సంస్థల పట్టికల్లో నెక్రాసొవ్ పేరుకు చోటుండే ప్రశ్నే లేదు. సోవియట్ యుద్ధ సాహిత్యం అంటే మనకు ఏర్పడిన బొమ్మలో విజయధ్వజం పెద్దదిగా, సిగరెట్ ముక్క చిన్నదిగా కనపడడానికి ఇదీ ఒక కారణం కావచ్చు.

తర్వాతి కల్పనా రచనల గురించి ఎక్కువ చెప్పాల్సింది లేదు. యుద్ధం నుంచి తిరిగొచ్చినవాళ్ళ మీద 1954లో ‘సొంత ఊళ్ళో’ వచ్చింది, తర్వాత 1961లో ‘కీరా గియోర్గియెవ్నా’. నిజాయితీ ఉంది, మొదటి పుస్తకపు బిగువు లేదు. కథ అల్లడం నెక్రాసొవ్‌కు గొప్పగా చేతకాదు. తాను నిలబడ్డ చోటు గురించి రాసినప్పుడే అతని చేయి తిరుగుతుంది. కల్పన తగ్గి నడకలు, ఊళ్ళు, ఇళ్ళు, మనుషుల మీద వ్యాసాలు పెరగడం అందువల్లే. ఇటలీ, అమెరికా ప్రయాణాల మీద 1962లో రాసిన వ్యాసాలు కొంప ముంచాయి. అమెరికాలో చూసినదాన్ని చూసినట్టు రాయడం ఒక తప్పు. ఖుత్సియెవ్ అనే దర్శకుడి సినిమాను మెచ్చుకుంటూ, అన్నీ తెలిసిన నెరిసిన మీసాల ముసలి కార్మికుణ్ణి తెర మీదికి లాక్కురానందుకు ధన్యవాదాలు చెప్పడం మరో తప్పు. ఈ మీసాల మాటకు క్రుశ్చేవ్ మండిపడ్డాడు. 1963 మార్చిలో రచయితలను, కళాకారులను పిలిపించి బహిరంగంగా తిట్టాడు.

అసలు గొడవ మాత్రం మళ్ళీ నేల గురించే. కీవ్ పొలిమేరలో బాబీ యార్ అనే లోయ ఉంది. 1941 సెప్టెంబరు 29, 30 తేదీల్లో, రెండే రోజుల్లో, నాజీలు అక్కడ 33,771 మంది యూదులను కాల్చి చంపారు. ఆ సంఖ్య వాళ్ళే రాసుకున్న లెక్క. తర్వాత రెండేళ్ళు చంపుతూనే ఉన్నారు, ఇతర జాతులవాళ్ళను కూడా. యుద్ధం తర్వాత సోవియట్ అధికారులు ఆ లోయను పూడ్చేయాలనుకున్నారు. ఇటుక బట్టీల బురదనీటిని పంపులతో తెచ్చి నింపారు. పైన పార్కు, ఆటస్థలం వేయాలన్నది పథకం. 1959 అక్టోబరులో మాస్కో సాహిత్య పత్రికలో నెక్రాసొవ్ అడిగాడు: ఇన్ని వేలమంది పడి ఉన్న చోట ఫుట్‌బాల్ ఆడాలన్న ఆలోచన ఎవరికి వచ్చింది, స్మారకం ఎందుకు కట్టలేదు? నేల తానే జవాబు చెప్పింది. 1961 మార్చి 13న బురదను ఆపిన కట్ట తెగి, కురెనీవ్‌కా పేట మీద విరుచుకుపడింది. ప్రభుత్వ లెక్క ప్రకారమే దాదాపు నూట యాభై మంది పోయారు. అసలు సంఖ్య దానికి ఎన్నో రెట్లని ఊరివాళ్ళు నమ్మారు.

1966 సెప్టెంబరు 29న, మారణకాండ జరిగి ఇరవై అయిదేళ్ళు నిండిన రోజున, అనుమతి లేకుండానే జనం ఆ లోయ దగ్గర గుమిగూడారు. నెక్రాసొవ్ మాట్లాడాడు. ఉక్రెయిన్ యువ విమర్శకుడు ఇవాన్ జ్యూబా కూడా మాట్లాడాడు. ఇక్కడ చంపింది యూదులను మాత్రమే కాదు, కాని యూదులైనందుకు మాత్రమే చంపింది యూదులనే అన్నది నెక్రాసొవ్ వాదన సారం. ఈ వాక్యం ఎందుకంత ప్రమాదకరమో బయటివాళ్ళకు అర్థం కాదు. చనిపోయినవాళ్ళంతా ‘సోవియట్ పౌరులు’ అన్నదే అధికార సూత్రం. ఎవరు ఎందుకు చచ్చారో విడదీసి చెబితే, బతికున్నవాళ్ళతో ఇప్పుడు ఎలా ప్రవర్తిస్తున్నారన్న ప్రశ్న వస్తుంది. అబ్రోసిమొవ్‌ను ఫార్బర్ అడిగిన ప్రశ్న లాంటిదే ఇది. చచ్చినవాళ్ళ లెక్క సరిగ్గా చెప్పు, ఎవరి వల్ల చచ్చారో చెప్పు. పార్టీ నుంచి మందలింపులు మొదలయ్యాయి. స్మారకం చివరికి 1976లో వెలిసింది, దాని మీద యూదులన్న మాట లేదు. అప్పటికి నెక్రాసొవ్ దేశంలో లేడు.

ఈ లోపు మమాయెవ్ దిబ్బ మీద కూడా స్మారకం లేచింది, దాని తీరే వేరు. 1967లో ఆవిష్కరించిన ఆ మాతృమూర్తి విగ్రహం కత్తి మొనదాకా 85 మీటర్లు. ఎత్తు 102 అనే దిబ్బ మీద దాదాపు దిబ్బంత కాంక్రీటు. దానికి రెండేళ్ళ ముందే నెక్రాసొవ్ అదే దిబ్బ మీద ఒక కథ రాశాడు. యుద్ధం ముగిసి ఇరవై ఏళ్ళయ్యాక అక్కడికి వెళ్ళిన మనిషి ఉన్నట్టుండి తన పాత భూగృహంలో, పాత నేస్తాల మధ్య తేలతాడు. ఆ నేల మీద అతనికి కనపడేవి అవే, గుహ లాంటి గది, దీపం, తాగడానికి ఒక మగ్గు.

ఇళ్ళంటే ఉన్న పిచ్చి మరో మేలు చేసింది. మిఖయిల్ బుల్గాకొవ్ నవల ‘శ్వేత సేన’లో తుర్బిన్ల ఇల్లు 13వ నంబరు, వాలు వీధి, లోపలి పెరడు. నవలలో వీధి పేరు మార్చి ఉంది. నెక్రాసొవ్ పుస్తకం చేతబట్టుకుని వాలును, మెట్లను, అరుగును పోల్చుకుంటూ ఆంద్రీవ్‌స్కీ వాలు వీధిలోని 13వ నంబరు ఇంటి ముందు ఆగాడు. తలుపు తట్టాడు. అప్పటికీ అక్కడ ఉంటున్నది పాత యజమాని కూతురే. బుల్గాకొవ్‌లు అద్దెకుండడం ఆమెకు బాగానే గుర్తుంది, ఆ కుర్రవాడు రచయిత అయ్యాడన్నది పట్టింపు లేదు. 1967లో వచ్చిన ఈ వ్యాసంతో ఆ ఇంటికి యాత్రికులు మొదలయ్యారు. ఇప్పుడది మ్యూజియం.

1974 జనవరిలో కీవ్‌లోని అతని ఇంటి మీద గూఢచారి పోలీసులు పడ్డారు. సోదా 42 గంటలు సాగింది. రాతప్రతులు, ఉత్తరాలు, పుస్తకాలు, ఫొటోలు ఏడు సంచుల్లో మోసుకుపోయారు. ఇది ఎవరికి కావాలి అని అడుగుతూ అతను బహిరంగ లేఖ రాశాడు. జవాబు రాలేదు. ఆ సెప్టెంబరులో అరవై మూడేళ్ళ వయసులో దేశం విడిచాడు. లొజాన్, తర్వాత పారిస్. పసితనంలో వదిలొచ్చిన ఊళ్ళే. వెళ్ళగానే అతని పుస్తకాలు గ్రంథాలయాల నుంచి మాయమయ్యాయి. నవల ఆధారంగా 1956లో తీసిన ‘సైనికులు’ సినిమా తెరల నుంచి దిగిపోయింది. అందులో ఫార్బర్‌గా వేసింది ఇన్నొకెంతి స్మక్తునోవ్‌స్కీ. ఆ నటుడి తొలినాటి పెద్ద పాత్రల్లో ఒకటి అలా అటకెక్కింది.

పారిస్‌లో ప్రవాసుల పత్రిక ‘కాంటినెంట్’లో పనిచేశాడు, రేడియోలో మాట్లాడాడు, తిరిగాడు, రాశాడు. ఇంతలో మాస్కోలో యుద్ధం మీద ఒక కొత్త రచయిత వెలిశాడు, పేరు లియోనిద్ బ్రెజ్నేవ్. 1978లో వచ్చిన అతని జ్ఞాపకాల పుస్తకం పేరు ‘చిన్న నేల’. నొవొరొసీస్క్ దగ్గర సైనికులు పట్టు నిలుపుకున్న చిన్న తీరపు ముక్కకు అప్పటివాళ్ళు పెట్టుకున్న పేరది. నిజంగానే నెత్తురు తడిసిన నేల. పుస్తకం మాత్రం పరాయి కలాలు రాసింది. లక్షల ప్రతులు అచ్చేశారు, బడుల్లో చదివించారు, 1980లో లెనిన్ బహుమతి కూడా ఇచ్చారు. దీని మీద నెక్రాసొవ్ రేడియోలో వేళాకోళం ఆడాడు. కందకపు నిజం పనికిరాదని తనను తిట్టిన వ్యవస్థే ఇప్పుడు కందకం కోసం వెతుక్కుంటుంటే అతను నోరు మూసుకోవడం ఎలా? 1979లో అతని సోవియట్ పౌరసత్వం రద్దయింది.

1987 సెప్టెంబరు 3న పారిస్‌లో క్యాన్సరుతో పోయాడు. గోర్బచోవ్ కాలం మొదలై రెండేళ్ళు దాటింది గాని, పారిపోయినవాడి పేరు మర్యాదగా అచ్చు వేయవచ్చో లేదో ఇంకా ఎవరికీ రూఢిగా తెలియదు. ‘మాస్కో న్యూస్’ పత్రిక సంస్మరణ వేసింది, పై అధికారుల నుంచి చీవాట్లూ తింది. దాని కింద సంతకాలు చేసినవాళ్ళలో బీకొవ్ ఉన్నాడు, పాటల కవి ఒకుజావా ఉన్నాడు, బక్లానొవ్ ఉన్నాడు. ముగ్గురూ కుర్రతనంలో కందకాల్లో కూర్చున్నవాళ్ళే. బక్లానొవ్ అప్పటికి ‘జ్నామ్యా’ సంపాదకుడు.